ఆ రెండు గంటల బ్లాకు గురించి

ఎడిటర్ గారికి నమస్కారం.

మీ పత్రిక జిల్లా పేజీల్లో నెలకు రెండు మూడుసార్లయినా ఈ వార్త కనిపిస్తుంది: ‘ట్రాక్ మరమ్మతుల పేరుతో రైళ్ల రద్దు’. ఏ ప్యాసింజర్ ఆగిపోయిందో, ఏ మెమూ సగం దూరమే నడుస్తుందో, ఏ ఎక్స్‌ప్రెస్ ఎంత ఆలస్యమో కింద ఉంటుంది. ఆ వివరం రాయాల్సిందే. రద్దయ్యేవి ఎక్కువగా ప్యాసింజర్లే. వాటిలో ఎక్కేది కూలికీ, కాలేజీకీ, ఆసుపత్రికీ పోయే జనం. అందులో మా ఇళ్లవాళ్లూ ఉంటారు. మాకు గుచ్చుకునేదల్లా ‘పేరుతో’ అన్న ఆ ఒక్క మాట. మరమ్మతు ఏదో సాకు అయినట్టు ఉంటుంది. పని కోసం బండ్లు ఆపి లైన్‌ను మాకు అప్పగించే సమయాన్ని ‘బ్లాకు’ అంటాం. ఆ రెండు గంటల్లో పట్టాల మీద ఏం జరుగుతుందో, అందులో అరగంట కోత పడితే ఏ పని మిగిలిపోతుందో ఎవరూ రాయగా మేం చూడలేదు. అందుకే ఈ ఉత్తరం. కాస్త పొడవైంది, ఓపిక పట్టాలి.

ముందు పట్టా సంగతి. మెయిన్ లైన్లన్నీ ఇప్పుడు కాంక్రీటు స్లీపర్ల (పట్టాల కింద అడ్డంగా వేసే దిమ్మెల) మీదే ఉన్నాయి. ఒక్కో స్లీపర్ రెండున్నర క్వింటాళ్ల పైమాటే. కిలోమీటరుకు 1,660 స్లీపర్లు, అంటే సుమారు 60 సెంటీమీటర్లకొకటి. ఒక్కో స్లీపర్‌కు పట్టాను బిగించి పట్టే నాలుగు ఇనప క్లిప్పులు, క్లిప్పుకూ పట్టాకూ మధ్య పెట్టే నాలుగు లైనర్లు, పట్టాల కింద రెండు రబ్బరు ప్యాడ్లు. ఈ లెక్కన కిలోమీటరుకు 6,640 క్లిప్పులు. రోజూ లైన్ వెంట నడుస్తూ పట్టాలు చూసే మనిషి కీమ్యాన్. అతని బీటు ఆరు కిలోమీటర్లు అనుకుంటే డబుల్ లైన్‌లో దాదాపు 80 వేల క్లిప్పులు రోజూ అతని కంటి కిందికి రావాలి. వాన పడినా, వడగాలి వీచినా ఆ లెక్కలో తేడా రాదు.

కీమ్యాన్‌ని చూసి ‘ఊరికే నడుచుకుంటూ పోతాడు, పనేముంది’ అని గేటు దగ్గర ఆగినవాళ్లు అనుకుంటారు. అతని భుజాన సుత్తి, స్పానరు, మార్చడానికి కొన్ని క్లిప్పులూ లైనర్లూ, రెండు ఎర్ర జెండాలు, ఒక పచ్చ జెండా, పది డిటోనేటర్లు (బండిని ఆపడానికి పట్టా మీద పెట్టే పేలుడు బిళ్లలు), తాగే నీళ్లు ఉంటాయి. కంకర మీద అడుగు వేస్తే అడుగు జారుతుంది, స్లీపర్ల మీద నడుద్దామంటే అంగ కుదరదు. అలా నడుస్తూనే క్లిప్పు బయటికి పాకిందా, లైనర్ చిట్లిందా, రబ్బరు ప్యాడ్ పట్టా కింద నుంచి జరిగి బయటికి వచ్చిందా, వెల్డు దగ్గర వెంట్రుక లాంటి గీత ఏదైనా కనిపిస్తోందా అని చూసుకుంటూ పోవాలి. కంటికి తేలనిది చెవికి తేలుతుంది. సుత్తితో కొడితే బిగువుగా ఉన్న క్లిప్పు ఖంగుమంటుంది, వదులైనది డొల్లగా పలుకుతుంది.

కీమ్యాన్ చూసేవాటిలో తెల్లమచ్చ ఒకటి. స్లీపర్ కొసల దగ్గర కంకర మీద ఎవరో పిండి చల్లినట్టు తెల్లగా కనిపిస్తుంది. అంటే ఆ స్లీపర్ కింద ఆధారం లేదు, అది పట్టాకు వేలాడుతోంది. చక్రం వచ్చినప్పుడల్లా కిందికి దిగుతుంది, పోగానే పైకి లేస్తుంది. ఆ ఊగుడుకు రాళ్లు ఒకదానికొకటి రాసుకుని పొడి అవుతాయి, ఆ పొడే ఆ తెలుపు. నల్లరేగడి నేలలో అదే చోట వానాకాలంలో బురద పైకి తన్నుతుంది. కంకర సందుల్లో బురద నిండాక నీరు దిగదు, నీరు దిగకపోతే నేల మెత్తబడుతుంది, ఆ మెత్తదనానికి ఇంకో నాలుగు స్లీపర్లు వదులవుతాయి. మొదట్లో నలుగురు మనుషులు జాకీ వేసి లేపి, బీటర్లతో కంకర దట్టిస్తే పోయే జబ్బు అది. వదిలేస్తే ఆ ముక్క మొత్తం కంకర తవ్వి, జల్లెడ పట్టి, మళ్లీ నింపాలి. మొదటిదానికి గంట బ్లాకు చాలు, రెండోదానికి రోజుల తరబడి బ్లాకులు కావాలి.

క్లిప్పు ఎందుకు వదులవుతుందన్నది ఇంకో సంగతి. మంచి క్లిప్పు 850 నుంచి 1,100 కిలోల బలంతో పట్టా అడుగును నొక్కి పడుతుంది. స్లీపర్‌లో పాతిన ఇనప గూటిలోకి దాని కాలు దూరుతుంది. ఆ గూట్లో తుప్పు పడితే రెండూ అతుక్కుపోతాయి. అప్పుడు పట్టా మార్చాల్సిన రోజున సుత్తితో పది దెబ్బలు కొట్టినా క్లిప్పు రాదు, చివరికి గ్యాస్‌తో కోయాల్సి వస్తుంది. సముద్రపు గాలి తగిలే సెక్షన్లలో ఇది ఎక్కువ. ఇదివరకు బోగీల మరుగుదొడ్ల నుంచి పడేదంతా పట్టా అడుగునీ క్లిప్పులనీ తినేసేది, మనుషుల మీద కూడా పడేది. బయో టాయిలెట్లు వచ్చాక ఆ బాధ తగ్గింది. అది మాకు జరిగిన పెద్ద మేలు, రాయకపోతే తప్పు. గ్రీజు పని మాత్రం తప్పదు. క్లిప్పు ఊడదీసి, దాన్నీ గూటినీ తీగ బ్రష్‌తో రుద్ది, గ్రాఫైట్ గ్రీజు పూసి మళ్లీ కొట్టాలి. కాలు కొస గూటి కొసకు సమంగా రావాలి. తక్కువ కొడితే పట్టు ఉండదు, ఎక్కువ కొడితే క్లిప్పు సాగిపోయి బలం పోతుంది. వరుస స్లీపర్లవి ఒకేసారి విప్పకూడదు, ఒకటి బిగించాకే ఇంకోటి. మనుషులు తక్కువై, చీకటి పడేలోపు ఇన్ని స్లీపర్లు కావాలని తొందర పెడితే ముందు తప్పిపోయేది ఈ నియమమే.

ఇక ఎండాకాలం. ఇప్పటి పట్టాలకు వెనకటిలా 13 మీటర్లకొక సందు లేదు, కిలోమీటర్ల పొడవున వెల్డు చేసి ఉంటాయి. ‘టకటక’ చప్పుడు అందుకే పోయింది. కానీ ఇనుము గుణం మారలేదు. కిలోమీటరు పట్టాను స్వేచ్ఛగా వదిలితే 30 డిగ్రీల వేడికి సుమారు 34 సెంటీమీటర్లు సాగుతుంది, జానెడున్నర. మనం సాగనివ్వం. క్లిప్పులూ స్లీపర్లూ కంకరా కలిసి దాన్ని కదలకుండా పట్టి ఉంచుతాయి. సాగలేని పట్టాలో ఒత్తిడి పెరుగుతుంది. మీటరుకు 60 కిలోలు తూగే పట్టాలో ఒక్కో డిగ్రీకి సుమారు 1.9 టన్నుల చొప్పున. ఒక ఉష్ణోగ్రత దగ్గర ఒత్తిడేమీ లేకుండా బిగించిన పట్టా అంతకంటే 20 డిగ్రీలు ఎక్కువ వేడెక్కితే ఒక్కో పట్టాలో 38 టన్నుల తోపుడు ఉన్నట్టు. ఆ గీత దాటితే వేసవి పహరా మొదలవుతుంది. రామగుండం, కొత్తగూడెం, విజయవాడల వైపు మే నెల మధ్యాహ్నం గాలిలో 45 డిగ్రీలుంటే పట్టా 60 దాటుతుంది. అందరూ నీడ పట్టున ఉండే ఆ వేళకే పహరా మనిషి పట్టాల మీద ఉండాలి.

ఆ 38 టన్నుల్ని పక్కకు పోకుండా ఆపేది స్లీపర్ కొసల అవతల గట్టులా పోసిన కంకర. ‘భుజం’ అంటాం దాన్ని. లైన్ తిన్నగా ఉన్నచోట 35 సెంటీమీటర్లు, వంపుల బయటి వైపు ఇంకా ఎక్కువ ఉండాలి. అది ఎక్కడ తగ్గితే పట్టా అక్కడ పాములా మెలిక తిరుగుతుంది. ఊళ్ల పక్కన బర్రెలు రోజూ ఒకేచోట పట్టాలు దాటతాయి. మనుషులు గేటు దాకా పోకుండా అడ్డదారి వేస్తారు. ఆ కాలిబాటలో భుజం కంకర కిందికి జారిపోతుంది. వేసవిలో మేస్త్రీ ముందుగా చూసుకునే చోట్లు ఆ బాటలే. పునాదికనో మరొకదానికనో అక్కడ నాలుగు తట్టల కంకర ఎత్తుకుపోయేవాళ్లకు కూడా ఈ సంగతి తెలిస్తే మంచిది.

ఎండ ముదిరాక పట్టా కింద కంకర కదిలించడం ప్రమాదం. బిగించిన ఉష్ణోగ్రత కంటే 10 డిగ్రీలు దాటితే ఆ పనులు ఆపేయాలి. అంటే వేసవిలో ఆ పనికి దొరికేది తెల్లవారుజామూ, పొద్దుటి పూటా మాత్రమే. సరిగ్గా ఆ వేళకే రాత్రి ఎక్స్‌ప్రెస్‌లన్నీ పెద్ద స్టేషన్లకు చేరుతుంటాయి. అందుకే ప్యాసింజర్ ఆగుతుంది. మధ్యాహ్నం ఖాళీగా ఉన్నప్పుడు చేసుకోవచ్చు కదా అని అడిగేవారికి జవాబు ఇదే: అప్పుడు లైన్ ఖాళీగా ఉండొచ్చు గానీ పట్టా ఒప్పుకోదు.

చలికాలంలో లెక్క తిరగబడుతుంది. పట్టా కుంచించుకుపోవాలని చూస్తుంది, లాగుడు పెరుగుతుంది. లోపల చిన్న పగులున్న పట్టా గానీ, సరిగా అతకని వెల్డు గానీ తెల్లవారుజామున పుటుక్కున తెగుతుంది. పొద్దున్నే నడిచే కీమ్యాన్‌కే చాలాసార్లు అది కనబడుతుంది. అప్పుడతను చేయాల్సినవన్నీ ఒకే మనిషి చేయాల్సినవే. బండి ముందుగా ఏ వైపు నుంచి రావచ్చో ఆ వైపు ఎర్ర జెండా పట్టుకుని పరుగెత్తాలి. 600 మీటర్ల దగ్గర ఒక డిటోనేటర్, 1,200 మీటర్ల దగ్గర పదేసి మీటర్ల ఎడంలో మూడు పట్టా మీద బిగించాలి. చక్రం ఎక్కితే అవి పేలతాయి, డ్రైవర్ బండి ఆపుతాడు. కంకర మీద భుజాన బరువుతో 1,200 మీటర్లు పోవడానికి ఆరేడు నిమిషాలు పడుతుంది. గంటకు 130 కిలోమీటర్ల బండి అదే దూరం 33 సెకన్లలో వచ్చేస్తుంది. అందుకే ముందు పరుగు, ఫోనులో వివరాలు ఆ తర్వాత.

లైన్‌కు కాపలా పెట్టాక తెగిన చోట వంకీ ఉన్న ఫిష్‌ప్లేట్లు (అతుకు పలకలు) రెండు వైపులా పెట్టి క్లాంపులతో బిగిస్తారు. మొదటి బండిని అక్కడ ఆపి, మనిషి నిలబడి చూస్తుండగా నడక వేగంతో పంపుతారు. అది తాత్కాలికం. అసలు పని బ్లాకులోనే. తెగిన భాగం కోసేసి, నాలుగు మీటర్లకు తగ్గని పట్టా ముక్క వేసి, రెండు కొసలా వెల్డు చేయాలి. నాలుగు మీటర్ల ముక్క అంటే రెండు క్వింటాళ్ల 40 కిలోలు.

ఆ వెల్డు గురించి కాస్త ఆగి చెప్పాలి, బ్లాకు విలువ తెలిసేది ఇక్కడే. రెండు పట్టా కొసల మధ్య 25 మిల్లీమీటర్ల సందు ఉంచాలి, మిల్లీమీటరు అటో ఇటో. కొసలు ఒకే ఎత్తుకి, ఒకే గీతకి రావాలి. చుట్టూ అచ్చు బిగించి, సందుల్లోంచి లోహం కారకుండా తడి మట్టి మెత్తాలి. గాలి, పెట్రోలు మంటతో పట్టా కొసల్ని పది పన్నెండు నిమిషాలు కాల్చాలి. ఎర్రగా కాలని కొసకు లోహం అతుకుతుంది గానీ కలవదు. తర్వాత పైన మూసలో థర్మిట్ మందు వెలిగిస్తే అర నిమిషం లోపే రెండు వేల డిగ్రీలు దాటి కరిగిన ఉక్కు అచ్చులోకి దిగుతుంది. మందు గానీ అచ్చు గానీ తడిగా ఉంటే ఆవిరి పుట్టి లోహం పైకి చిమ్ముతుంది, వెల్డు లోపల బుడగలు మిగులుతాయి. వాన చినుకు పడితే వెల్డు పని ఆపేది అందుకే. నాలుగైదు నిమిషాలు ఆగి అచ్చు విప్పి, వేడి మీదే ట్రిమ్మర్‌తో పైన పొంగిన లోహం కోస్తారు. పోసిన దగ్గర్నుంచి అరగంట గడిచేదాకా బండి వదలకూడదు. చివర గ్రైండింగ్. మీటరు పొడవు స్కేలు పెట్టి చూస్తే వెల్డు నడుమ ఒక మిల్లీమీటరు ఎత్తు ఉండొచ్చు, పల్లం మాత్రం అసలు ఉండకూడదు. పల్లమైతే వచ్చే ప్రతి చక్రం అందులో పడి లేస్తుంది, సుత్తితో కొట్టినట్టే. కొన్ని నెలల్లో దాని కింది స్లీపర్ వదులై తెల్లమచ్చ తేలుతుంది, ఓ చలికాలం పొద్దున వెల్డు విరుగుతుంది.

ఇప్పుడు రెండు గంటల బ్లాకులో దీన్ని పేర్చి చూడండి. బండ్ల రాకపోకలు చూసే కంట్రోలు ఆఫీసు నుంచి అనుమతి వచ్చి, స్టేషన్ మాస్టర్ రాతపూర్వకంగా లైన్ ఇచ్చి, పని చోట రెండు వైపులా బ్యానర్ జెండాలు పాతేసరికి పది పదిహేను నిమిషాలు. క్లిప్పులు విప్పడం, కోత, ముక్క దించడం, సందు సరిచేయడం ముప్పై నలభై నిమిషాలు. రెండు వెల్డులు ఒకదాని వెంట ఒకటి, చల్లారే సమయంతో కలిపి గంట దగ్గర పడుతుంది. చివరి వెల్డు చల్లారే అరగంటలోనే క్లిప్పులు కొట్టడం, కంకర సర్దడం, సామాను ఎత్తడం, పట్టాల మధ్య ఏ ఇనప ముక్కా మిగల్లేదని చూసుకోవడం. ఈ చివరిది చిన్న పనేం కాదు. ఇనప వస్తువేదైనా రెండు పట్టాలనూ కలిపితే చాలు, బండి ఉన్నట్టే లెక్కయి సిగ్నల్ ఎర్రగా ఉండిపోతుంది. మొత్తం లెక్క చూస్తే రెండు గంటలకు చారెడు సమయం కూడా మిగల్లేదు.

ఆ బ్లాకు నలభై నిమిషాలు ఆలస్యంగా ఇచ్చి, ముగింపు సమయం మాత్రం కదలదు అంటే ఏం చేయాలి? కాల్చే సమయం తగ్గించలేం, చల్లారే అరగంట తగ్గించలేం. మిగిలింది గ్రైండింగ్, క్లిప్పులు, కంకర. ‘రేపు చూద్దాం’ అని వదిలేసేవి అవే. లేదంటే పని మొదలే పెట్టకుండా సామాను మోసుకుని వెనక్కి రావాలి. మంచి సూపర్‌వైజరు రెండోది చేస్తాడు. పై నుంచి తిట్లు పడతాయి, పడనివ్వాలి. మూడో దారి కూడా ఒకటుంది, అది ఎటు పోతుందో దేశమంతా చూసింది. 2017 ఆగస్టు 19న ఉత్తరప్రదేశ్‌లోని ఖతౌలీ దగ్గర కళింగ ఉత్కల్ ఎక్స్‌ప్రెస్ పట్టాలు తప్పి 23 మంది చనిపోయారు. అక్కడ బ్లాకు లేకుండానే ట్రాక్ పని జరుగుతోంది. ఆ బండి డ్రైవర్‌కు హెచ్చరిక లేదు, బండి మామూలు వేగంతో వచ్చేసింది.

ట్యాంపింగ్ మెషీన్లు వచ్చాక గ్యాంగుకు, అంటే చేత్తో పనిచేసే మా గుంపుకు, పనేముందని ఇంకో మాట వినిపిస్తుంది. మెషీన్ పట్టాను పైకి లేపి, గోళ్లలాంటి ఇనప చేతులు కంకరలోకి దించి, అదిరిస్తూ స్లీపర్ కిందికి రాళ్లు నెడుతుంది. మనిషి బీటర్‌తో అంత సమంగా చేయలేడు, ఒప్పుకోవాల్సిందే. కానీ మెషీన్ రాకముందు ఆ ముక్కలో తక్కువ పడిన కంకర పోయాలి, ఊడిన క్లిప్పులు వేయాలి, విరిగిన ప్యాడ్లు మార్చాలి, గోళ్లకు అడ్డొచ్చేవన్నీ విప్పాలి. అది పోయాక భుజం మళ్లీ కట్టాలి. ఇదంతా చేత్తోనే. లెవెల్ క్రాసింగులు, వంతెనల అంచులు, పాయింట్ల (లైన్లు చీలే చోట్ల) దగ్గర కొన్ని చోట్లు మెషీన్‌కు అందనే అందవు. పైగా మెషీన్ స్టేషన్ నుంచి చోటికి రావాలి, పని సామాను దించుకోవాలి, ముగిశాక మళ్లీ స్టేషన్‌లోని లూప్ లైన్ (పక్క లైన్)లోకి పోవాలి. గంట బ్లాకు ఇస్తే అందులో సగం రాకపోకలకే పోతుంది. ముక్కలుగా ఆరు గంటలు ఇచ్చేకంటే ఒకేసారి మూడు గంటలు ఇవ్వడం మేలు. ఒక రోజు గట్టిగా రెండు ప్యాసింజర్లు ఆపేస్తే ఆ వారమంతా బండ్లు ఆలస్యం కాకుండా చూసుకోవచ్చు.

బ్లాకు అక్కర్లేని పనులూ ఉంటాయి. బండ్ల మధ్యనే చేసేవి. మనుషుల ప్రాణాలు పోయేది ఎక్కువగా అక్కడే. 2022 సెప్టెంబరు నుంచి మన వైపు కాజీపేట, బల్లార్ష, విజయవాడ, గూడూరు ప్రధాన మార్గాల్లో వేగం గంటకు 130 కిలోమీటర్లకు పెరిగింది. అంటే సెకనుకు 36 మీటర్లు. వంపులో 400 మీటర్ల దాకానే కనిపిస్తుందనుకుంటే, బండి కనపడ్డాక చేతిలో ఉన్నది సుమారు 11 సెకన్లు. అందులోనే జాకీ దించి పట్టా వదలాలి, పార తీసుకోవాలి, పక్క లైన్‌లోకి కాకుండా బయటికి దిగాలి. డీజిల్ ఇంజన్ రోజుల్లో చప్పుడు దూరం నుంచే వినపడేది. ఇప్పటి కరెంటు బండి ముఖం మీదికి వచ్చేదాకా వినపడదు. అప్ లైన్‌లో గూడ్స్ పోతుంటే దాని మోతలో డౌన్ లైన్ బండి అసలే వినపడదు. మూడో లైన్ వచ్చిన చోట ఈ చిక్కు ఇంకా పెరిగింది, ఏ లైన్ మీద ఏ వైపు నుంచి బండి వస్తుందో అంచనా అందదు.

దీనికి మందు లుకవుట్ మనిషి. పని చోటికి రెండు వైపులా దూరంగా నిలబడి, బండి కనపడగానే విజిల్ ఊది జెండా చూపడం తప్ప అతనికి ఇంకో పని ఉండకూడదు. విజిల్ వినగానే మేస్త్రీ అందర్నీ దించాలి. కాగితం మీద ఇది ఎప్పుడూ జరుగుతూనే ఉంటుంది. పదిహేను మంది ఉండాల్సిన గ్యాంగులో ఎనిమిది మంది వచ్చిన రోజున, స్లీపర్ జరపడానికి ఇద్దరు తక్కువైన రోజున, ముందుగా పనిలోకి పిలిచేది ఆ జెండా మనిషినే. ప్రమాదం జరిగాక విచారణలో ‘ట్రాక్‌మ్యాన్ అజాగ్రత్త’ అని ఒక వాక్యం వస్తుంది. ఆ రోజు లుకవుట్‌గా ఎవరిని నియమించారు, అతను ఆ సమయానికి ఏం చేస్తున్నాడు అన్నది విలేకరులు అడగాల్సిన మొదటి ప్రశ్న. రైల్వే భద్రత మీద వేసిన అనిల్ కకోద్కర్ కమిటీ 2012లో ఇచ్చిన నివేదికలో 2007-08 నుంచి 2011 అక్టోబరు దాకా విధుల్లో ఉండగా సుమారు 1,600 మంది రైల్వే సిబ్బంది చనిపోయారనీ, 8,700 మంది గాయపడ్డారనీ ఉంది. అందరూ గ్యాంగువాళ్లే కారు. అయినా బండికి దగ్గరగా పనిచేసేది ఎవరో మీరే ఊహించవచ్చు. ‘రక్షక్’ పేరుతో వీహెచ్‌ఎఫ్ సంకేతాల మీద నడిచే పరికరం ఉంది. బండి వస్తోందంటే మోగుతుంది, వెలుగుతుంది, ఒంటికి తగిలేలా అదురుతుంది. కీమ్యాన్ దగ్గరే కాదు, పనిచేసే ప్రతి గుంపు దగ్గరా ఉండాల్సిన వస్తువది. అది చేతిలో ఉందని లుకవుట్ మనిషిని తీసేస్తే మాత్రం ఉన్నదీ పోయినట్టే.

వానాకాలం రాత్రి పహరా గురించి రెండు మాటలు. టార్చి, జెండాలు, డిటోనేటర్లు పట్టుకుని ఒక మనిషి రాత్రంతా తన బీటులో అటూ ఇటూ తిరుగుతాడు. అవతలి మనిషిని కలిసినచోట పుస్తకాలు మార్చుకోవాలి, నడిచాడనడానికి అదే రుజువు. ఒక షిఫ్టులో 20 కిలోమీటర్లకు మించి నడిపించకూడదని నియమం. పాములు, తేళ్లు మామూలే. అతను టార్చి వేసి చూసేది వంతెన గోడ మీద ప్రమాద స్థాయి గుర్తు. నీరు ఆ గీతకు తగిలితే బండి ఆపాలి. 2005 అక్టోబరు 29న వలిగొండ దగ్గర చెరువు తెగి వచ్చిన నీటికి చిన్న వంతెన కొట్టుకుపోయి, డెల్టా ప్యాసింజర్ అందులో పడి వందమందికి పైగా చనిపోయారు. గుర్తుంచుకోవాల్సింది ఏమిటంటే, ఆ నీరు రైల్వే స్థలంలో పుట్టింది కాదు. లైన్‌కు ఎగువనున్న చెరువుల జాబితా రైల్వే దగ్గర ఉంటుంది, వాటి కట్టలు మాత్రం వేరే శాఖల చేతిలో ఉంటాయి. కట్టకు బుంగ పడిందని ఊళ్లో అందరికీ తెలిసిన సంగతి పహరా మనిషికి తెలిసేసరికి నీరు కంకరను కడిగేస్తూ ఉండొచ్చు. 2024 ఆగస్టు ఆఖరున, సెప్టెంబరు మొదట్లో కురిసిన వానలకు మహబూబాబాద్ జిల్లాలో కేసముద్రం, ఇంటికన్నె మధ్య అలాగే లైన్ కింది కట్ట కొట్టుకుపోయి పట్టాలు స్లీపర్లతో సహా గాలిలో వేలాడిన ఫొటో మీ పత్రికల్లోనూ వచ్చింది. దాన్ని కొన్ని రోజుల్లోనే మళ్లీ నిలబెట్టారు. ఆ రోజుల్లో ‘మరమ్మతుల పేరుతో’ అని ఏ పత్రికా రాయలేదు, అందరికీ కళ్ల ముందు గండి కనపడుతోంది కాబట్టి.

కొత్తగా చేరేవాళ్ల మాట కూడా ఒకటి. 2024 చివర్లో వచ్చిన రైల్వే లెవెల్-1 (కింది స్థాయి ఉద్యోగాల) నోటిఫికేషన్‌లో 32,438 ఉద్యోగాలుంటే 13,187 ట్రాక్ మెయింటెయినర్ గ్రేడ్-4వే. శారీరక పరీక్షలో మగవాళ్లు 35 కిలోలు దించకుండా రెండు నిమిషాల్లో 100 మీటర్లు మోయాలి, కిలోమీటరు 4 నిమిషాల 15 సెకన్లలో పరుగెత్తాలి. ఆడవాళ్లకు 20 కిలోలు, 5 నిమిషాల 40 సెకన్లు. డిగ్రీ, బీటెక్ చదివినవాళ్లు వస్తున్నారు. మొదటి వేసవి చూశాక చాలామంది ఇంకో పరీక్షకు పుస్తకాలు తీస్తారు, వాళ్లను తప్పు పట్టలేం. ఆడవాళ్లు ఇప్పుడు గ్యాంగుల్లో ఉన్నారు, స్టేషన్‌కు ఐదు కిలోమీటర్ల దూరంలో ఎనిమిది గంటలు పనిచేస్తారు. వాళ్లకు అక్కడ మరుగుదొడ్డి ఉండదు, చెట్టు చాటు కూడా అన్నిచోట్లా ఉండదు. కిలోమీటరుకొకటి కట్టకపోయినా, గేట్ల దగ్గర ఉన్న గదులనైనా వాళ్లకు వాడుకోనివ్వొచ్చు.

మీరు చేయగలిగినవి చిన్నవే. రద్దు వార్త రాసేటప్పుడు అది వెల్డు పనా, మెషీన్ పనా, స్లీపర్ల మార్పా, వంతెన పనా అని రైల్వే అధికారుల్ని అడిగి ఒక ముక్క వేయండి. చెప్పిన బ్లాకు చెప్పిన వేళకు ఇచ్చారా, ఇచ్చిందంతా వాడుకున్నారా అని మర్నాడు అడగండి. బండి రద్దు చేసి కూడా బ్లాకు ఇవ్వని రోజులుంటాయి. ప్రయాణికుడికీ నష్టం, పట్టాకూ నష్టం. అసలు నిలదీయాల్సింది ఆ రోజులనే.

పాఠకులకు కూడా ఒక మనవి. పట్టా తెగినట్టో, లైన్ పక్క కంకర కొట్టుకుపోయినట్టో, చెరువు నీరు రైలు కట్ట వైపు వస్తున్నట్టో కనిపిస్తే దగ్గర్లోని గేటుమ్యాన్‌కు చెప్పండి, లేదా 139కి ఫోను చేయండి. ‘ఫలానా ఊరి దగ్గర, వేపచెట్టు ఎదురుగా’ అంటే ఎవరికీ అర్థం కాదు. పట్టాల పక్కన కరెంటు తీగలు మోసే ఇనప స్తంభాలు ఉంటాయి. ప్రతి స్తంభం మీదా 412/18 లాంటి నంబరు రాసి ఉంటుంది. గీతకు ముందున్నది కిలోమీటరు, తర్వాతది స్తంభం వరుస. దగ్గరున్న స్తంభం మీద ఆ నంబరు చూసి, ఎన్నో లైనో కూడా చెబితే చాలు, కీమ్యాన్ నేరుగా అక్కడికే వస్తాడు.

ఇట్లు,
కొందరు ట్రాక్ మెయింటెయినర్లు, రిటైరైన మేస్త్రీలు
(పేర్లు, సెక్షన్ వేయవద్దని మనవి)